దర్శనం అయ్యాక కాసేపు

మా ఇంట్లో రెండు వారాల పాటు ప్రశాంతంగా అన్నం తినే యోగం లేకుండా పోయింది. పప్పులో ఉప్పు తక్కువైందని నేనంటే, మా ఆవిడ గరిటెను మైకులా పట్టుకుని "ఇప్పుడు మీ ఎడమ వైపు చూడండి" అనేది. ఎడమ వైపు మా ఫ్రిజ్ ఉంటుంది, దాని పక్కన గ్యాసు సిలిండరు. "చూసిన. మరి ఉప్పేది?" అనేవాణ్ని. ఆవిడ వినిపించుకోకుండా గుహలను ఎలా తొలిచారో, కోఠీలో తెల్లదొరల భవనం, ఆబిడ్స్ చర్చి ఎంత ఎత్తో చెప్పుకుంటూ పోయేది. వినీ వినీ నాకే మొత్తం నోటికొచ్చేసింది. ఒకరోజు దుకాణంలో కళ్లద్దాల కోసం వచ్చిన పెద్దమనిషికి అక్షరాల చార్టు చూపిస్తూ "ఇది దక్షిణ ద్వారం" అనేశాను.

మాది ఆబిడ్స్‌లో కళ్లజోళ్ల దుకాణం. తాతల నాటి నుంచీ నాంపల్లిలోనే కాపురం. ఆవిడ వాళ్లది కృష్ణా జిల్లా. యాభై ఆరులో వాళ్ల తాతగారు గుమాస్తా ఉద్యోగంతో ఇంటిల్లిపాదినీ వెంటబెట్టుకుని హైదరాబాదు వచ్చేశారు. మూడు తరాలైనా ఆ యాస పోలేదు. నేను "గిట్ల" అంటే ఆవిడ "ఇలా" అని దిద్దుతుంది, నేను దిద్దుకోను. మా కాపురం అలా హాయిగానే సాగుతోంది.

నాంపల్లి స్టేషన్ దగ్గర ఒక చిన్న ట్రావెల్స్ ఆఫీసులో ఆవిడ ఉద్యోగం. ఫోను ఎత్తడం, సీట్లు రాసుకోవడం. "మధ్యాహ్నం భోజనం మీదేనండి, బస్సు మాత్రం మాది" అంటూ ఏళ్ల తరబడి ఊరందరినీ ఊళ్లు తిప్పింది. తను మాత్రం ఒక్క బస్సూ ఎక్కలేదు. ఇప్పుడు జనం సెల్‌ఫోన్లోనే సీట్లు పట్టుకుంటున్నారు. ఆఫీసు ఫోను మోగడం తగ్గిపోయింది. ఆ బల్ల ఇవాళో రేపో తీసేస్తారని, తనను ఇంటికి పొమ్మంటారని ఆవిడకు తెలుసు. సరిగ్గా అప్పుడే ఆదివారం ట్రిప్పు గైడు పని మానేశాడు. ఆవిడ తిన్నగా ఓనరు దగ్గరికి వెళ్లి, ఆ పని నేను చేస్తానని అడిగేసింది.

ఓనరు మా పెద్దబ్బాయి వయసువాడు. చెడ్డవాడు కాదు గానీ, కళ్లెప్పుడూ చేతి గడియారం మీదే ఉంటాయి. "ఒక్క ఆదివారం చూద్దాం మేడమ్. అన్ని జాగలు చూపెట్టి, పొద్దుగూకే లోపల నాంపల్లిల దించిన్రంటే మీరే గైడు. లేకుంటె ఫికర్ చెయ్యకుండ్రి, ఫోన్ కాడ ఉన్నన్ని దినాలు ఉండుండ్రి" అన్నాడట. ఆ మాట ఇంటికొచ్చి నాకు చెప్పి, "ఈ వయసులో మైకు పట్టుకుంటే నవ్వుతారంటారా?" అని అడిగింది.

"నవ్వితె నవ్వనీ. మైకు లేకుండనే నా మీద గింత ఒర్లుతవు, మైకుంటె ఇంకింత మంచిగ ఒర్లుతవు" అన్నాను. చేతిలో ఉన్న తువ్వాలుతో నా వీపు మీద ఒకటిచ్చుకుంది. కానీ ఆవిడ భయపడుతోందని నాకు అర్థమైంది. అందుకే ఆ ఆదివారం నేనూ బస్సెక్కాను. నిజానికి నాకు ప్రయాణాలంటే పడవు. ఎక్కడికెళ్లినా పని కాగానే చెప్పులేసుకునే రకం నేను. పెళ్లిళ్లలో విస్తరి ముందు నుంచి లేచినవాణ్ని లేచినట్టే గేటు దాటేస్తానని మా చుట్టాల్లో నాకు పేరు.

పొద్దున్నే నాంపల్లిలో బస్సు నిండింది. ఎక్కినవాళ్లలో ముక్కాలు మంది బేగం బజార్ కిరాణా వ్యాపారుల ఇళ్ల ఆడవాళ్లు, ఒక భజన మండలి. వాళ్లకు పెద్ద ఒక ముసలావిడ. అందరూ ఆమెను పెద్దమ్మ అంటున్నారు. పులిహోర గిన్నెలు, మురుకుల డబ్బాలు, తాళాల సంచీ, అన్నీ ఎక్కాక పెద్దమ్మ ఎక్కింది. ఓనరు డ్రైవరు వెనక సీట్లో గడియారం చూసుకుంటూ కూర్చున్నాడు. మా ఆవిడ లేత ఆకుపచ్చ చీరలో, మెడలో ఆఫీసు కార్డుతో నిలబడి మైకు నోటి దగ్గర పెట్టుకుంది. "అందరికీ నమస్కారం" అనేసరికి గొంతు వణికింది. వెనక సీట్లో నేను ముందు సీటు కమ్మీ పట్టుకున్నాను.

మొదట మూసీ ఒడ్డున బండల మధ్య ఉన్న నరసింహస్వామి గుహ. లోపలికి నడుం వంచి దూరాలి. ఆవిడ ముందు నిలబడి, తలలు జాగ్రత్త అని ఒక్కొక్కరినీ పంపింది. శాసనం గురించి, పాత కాలంలో అక్కడ తపస్సు చేసుకున్న వాళ్ల గురించి తడబడకుండా చెప్పింది. నా గుండె కుదుటపడింది. హారతి కళ్లకద్దుకుని అందరం బయటికొచ్చాం. ఇంక బస్సెక్కడమే అనుకుంటుండగా పెద్దమ్మ ఒక బండ మీద కొంగు దులిపి కూర్చుంది. ఆమె వెనకే మండలి మొత్తం కూర్చుంది.

"అమ్మా, బస్సు రెడీ ఉంది" అన్నాడు ఓనరు.

"గుడికి వచ్చి జర కూసోకుండ పోతరా బిడ్డా? దర్శనమైనట్టేనా మరి?" అంది పెద్దమ్మ. ఆ మాటకు ఎదురు చెప్పగలిగేవాడు మన ఊళ్లో ఎవడున్నాడు? దర్శనం అయ్యాక కాసేపు కూర్చోవాలని మా అమ్మ కూడా నా చెయ్యి పట్టుకుని లాగి కూర్చోబెట్టేది. ఊరికే కూర్చోవడం అంటే వీళ్లకు ఊరికే కూర్చోవడం కాదు. తాళాలు బయటికొచ్చాయి, రెండు కీర్తనలయ్యాయి, ప్రసాదం పంచారు. మా ఆవిడ ఒకసారి వాళ్ల వైపు, ఒకసారి ఓనరు వైపు చూస్తూ నిలబడే ఉంది.

రెండో గుహ ఊరి అవతల గుట్టలో ఉంది. అందులో పూజల్లేవు, విగ్రహమూ లేదు. ఖాళీ గది, గోడ మీద అరిగిపోయిన బొమ్మలు, బయట సర్కారు వాళ్ల బోర్డు. ఇక్కడైనా త్వరగా తేలుతుందని ఓనరు ఊపిరి పీల్చుకున్నాడు. పెద్దమ్మ గది నాలుగు మూలలా చూసి, బయటికొచ్చి మెట్టు మీద కూర్చుంది.

"ఇందులో దేవుడు లేడు కదండీ" అంది మా ఆవిడ, పాపం, బతిమాలినట్టుగా.

"దేవుడు లేకుంటె ఏమైంది, దేవుని జాగ అయితె ఔ కద" అంది పెద్దమ్మ. పులిహోర గిన్నెల మూతలు తీశారు. నాకూ ఒక ఆకు వచ్చింది. ఇంగువ దట్టించిన పులిహోర. ఈ ఆలస్యం మా ఇంటి కొంప ముంచుతోందని తెలిసి కూడా రెండోసారి పెట్టించుకున్నాను, దాచడమెందుకు.

కోఠీ చేరేసరికి ఎండ పసుపు రంగుకు తిరిగింది. దొరల భవనం ముందు విశాలమైన మెట్లు, రెండు పక్కలా రాతి సింహాలు, పైన తలెత్తి చూడాల్సిన స్తంభాలు. బస్సు దిగిన ఆడవాళ్లందరూ మెట్ల కింద చెప్పులు విడిచేశారు. వరసగా, బుద్ధిగా, జంటలు జంటలుగా. ఓనరు నెత్తి కొట్టుకున్నాడు. "అమ్మా, ఇది గుడి కాదు. ఇంగ్లీషోళ్ల ఆఫీసు" అన్నాడు. "గింత పెద్ద మెట్లు చెప్పులతోని ఎక్కుతరా?" అందొకావిడ. ఇంకొకావిడ సింహం కాళ్లకు దండం కూడా పెట్టేసింది. చెప్పొద్దూ, నేనూ చెప్పులు విడిచాను. అందరూ విడిచాక మనం ఒక్కళ్లం వేసుకుని ఎక్కితే ఏం బాగుంటుంది?

లోపల చూసి వచ్చాక ఏం జరిగిందో చెప్పనక్కర్లేదు. మెట్ల నిండా పరుచుకుని కూర్చున్నారు. ఓనరు మా ఆవిడను సింహం పక్కకు పిలిచాడు. నేను చెప్పులు వెతుక్కుంటున్నట్టు నటిస్తూ దగ్గరికి జరిగాను.

"ఆబిడ్స్ చర్చి ఇంక కాదు మేడమ్, బస్సుల నుంచే చూపెట్టుండ్రి. స్టేషన్ బిల్డింగు కూడా కాదు. మీ తప్పని అంటలేను. కాని గిట్లయితె కంపెనీ నడ్వదు. మీకు ఫోన్ కాడనే మంచిగుంటది" అన్నాడు.

"సరే సార్" అంది ఆవిడ.

నాకు ఒళ్లు మండిపోయింది. తాళాలు వాయించింది వాళ్లు, మెట్ల మీద కూర్చుంది వాళ్లు, మధ్యలో ఆవిడ చేసిన తప్పేంటి? అడిగేద్దామని నోరు తెరిచాను. ఆవిడ నా వైపు ఒక్క చూపు చూసింది. ఇన్నేళ్ల కాపురంలో ఆ చూపుకు అర్థం నాకు తెలుసు కాబట్టి నోరు మూసుకున్నాను. ఆవిడ మైకు సంచీలో పెట్టేసి, పొద్దుటి నుంచి మొదటిసారి, ఆడవాళ్ల మధ్య మెట్టు మీద కూలబడింది. కాళ్లు చాపుకుని పిక్కలు పిసుక్కుంది.

"అలసిపోయినవా బిడ్డా? మురుకు తిను" అంది పెద్దమ్మ. "గింత పెద్ద ఇంట్ల ఆడోళ్లు ఏడ ఉండేటోళ్లు?"

ఆవిడ మురుకు కొరుకుతూ చెప్పింది. మా వంటింట్లో నేను విన్నదేగానీ, గరిటె పట్టుకున్న గొంతు కాదు అది. పక్కింటి సంగతి చెప్పినట్టు చెప్పింది. "ఇక్కడి దొర నవాబుల ఇంటి పిల్లను చేసుకున్నాడంటండి. ఆవిడ పరదాలో ఉండేది, వెనక జనానాలో. ఇటు ముందుకు రాకూడదు. ఇల్లెలా ఉందో ఆవిడ చూసుకోవద్దూ? అందుకని వెనక తోటలో అచ్చం ఇలాంటిదే చిన్న బొమ్మ ఇల్లు కట్టించి చూపించాడంటారు."

"సొంత ఇంటి మొఖం బొమ్మల సూసుకున్నదా" అంది పెద్దమ్మ. కొంగుతో ముక్కు తుడుచుకుంది. తర్వాత, "మరి నువ్వు గీడికి మస్తుసార్లు వచ్చి ఉంటవు" అంది.

"ఎక్కడండీ. మొన్న డ్రైవరు గారితో పరుగులాంటి నడకతో ఒకసారి చుట్టి వెళ్లాను. అంతకు ముందు ఫోటోలోనే. ఫోన్లో మాత్రం ఎంతమందికి చెప్పానో, మెట్లు బాగుంటాయండీ, తప్పకుండా చూడండీ అని. వాటి మీద కూర్చోవడం ఇవాళే."

ఆ మాట విని నాకు కళ్లు చెమర్చాయి. అటు తిరిగి సింహాన్ని చూస్తూ నిలబడ్డాను. ఈ భవనం మా ఇంటికి కూతవేటు దూరం. నడిచే వచ్చెయ్యొచ్చు. ఆవిడంటే నాకు ప్రాణం. ఆ మాట ఆవిడకు ఎప్పుడూ చెప్పలేదు, ఇప్పుడు రాసుకుంటున్నాను.

తిరుగు ప్రయాణంలో ఆవిడ మైకు మళ్లీ తీసింది. గైడు పని పోయిందని తెలిసిన మనిషి గొంతులా లేదు. చర్చి గోపురాన్ని కిటికీలోంచి చూపించింది. ఆబిడ్స్ సర్కిల్ దాటాక, "ఇప్పుడు మీ కుడి వైపు, మూసి ఉన్న షట్టరు చూడండి. పాత కళ్లజోళ్ల దుకాణం. యజమాని మన బస్సులోనే ఉన్నారు. ఊరందరికీ చూపు సరిచేస్తారు, వంటింట్లో ఎదురుగా ఉన్న ఉప్పు డబ్బా మాత్రం ఆయనకు కనిపించదు" అంది. బస్సంతా వెనక్కి తిరిగి నన్ను చూసి నవ్వింది. పెద్దమ్మ అయితే పళ్లు లేని నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.

నాంపల్లికి వచ్చేసరికి వీధి దీపాలు వెలిగాయి. చీకటి పడనే పడింది. ఆవిడ అందరికీ దండం పెట్టి, "మా ట్రిప్పు ఇక్కడితో అయిపోయిందండీ, సామాన్లు చూసుకుని దిగండి" అని మైకు ఆపేసింది. డ్రైవరు తలుపు తీశాడు. ఓనరు లేచి, మెట్టు దగ్గర నిలబడి దారిచ్చాడు.

ఎవరూ దిగలేదు.

"దిగుండ్రమ్మా, నాంపల్లి వచ్చింది" అన్నాడు ఓనరు.

పెద్దమ్మ ఒళ్లో సంచీ పెట్టుకుని అలాగే ఉంది. "ఔ బిడ్డా, ఎరుకే. జర కూసోని దిగుతం" అంది.

నేను ముందు వాళ్ల కాళ్లు పట్టేశాయేమో అనుకున్నాను. తర్వాత చూస్తే, గుహ దగ్గర ఎలా కూర్చున్నారో అలాగే కూర్చున్నారు. చేతులు ఒళ్లో, చూపు ఎదురుగా. ఎదురుగా ఉన్నది మా ఆవిడ. ఏం చెయ్యాలో తోచక మైకు తీగను చుట్టిందే చుడుతోంది. ఓనరు అలవాటుగా గడియారం వైపు చెయ్యెత్తాడు. సగంలో చెయ్యి దించేసి, తన సీట్లో కూర్చున్నాడు. వాళ్లమ్మ కూడా వాణ్ని ఏదో గుళ్లో చెయ్యి పట్టి లాగి కూర్చోబెట్టే ఉంటుంది.

కాసేపయ్యాక, ఇటు తిరక్కుండానే అన్నాడు. "మేడమ్, వచ్చే ఆదివారం కూసునే టైము గిట్ల కలిపి రూటు ఎయ్యాలె. ఒక జాగ తక్వ చెయ్యాలె. ఏది తీసేద్దాం?"

ఆవిడ మైకు తీగ చుట్టడం ఆపి, "చర్చి మాత్రం తీసెయ్యొద్దు సార్, ఇవాళ అక్కడ దిగనే లేదు" అంది.

పెద్దమ్మ లేచింది. మండలి లేచింది. గిన్నెలు, డబ్బాలు, తాళాల సంచీ దిగాయి. దిగుతూ దిగుతూ ఒక్కొక్కరూ ఆవిడ చెయ్యి పట్టుకుని ఏదో అంటూ వెళ్లారు. ఓనరు కూడా వెళ్లిపోయాడు. డ్రైవరు కింద చాయ్ తాగుతున్నాడు.

ఆవిడ సంచీ భుజానికి తగిలించుకుని నా సీటు దగ్గరికొచ్చింది. "ఏంటండీ, అందరూ దిగిపోయారు. మీరేంటి ఇంకా ఇక్కడే? ఇల్లు గుర్తులేదా?"

"జర కూసుందాం" అన్నాను.

ఆవిడ నన్ను ఎగాదిగా చూసి, పక్క సీట్లో కూర్చుంది.