ఫార్మాట్ చెయ్యని ప్రేమయ్య

కర్నూలు మొదలుకొని కడప దాకా కంప్యూటరు మెకానిక్కులకు కొదవ లేదు. చచ్చినా ఫార్మాట్ చెయ్యనని భీష్మించుకున్నవాడు మాత్రం ప్రేమయ్య ఒక్కడే. తక్కినవాళ్లు మిషను మొరాయిస్తే లోపల ఉన్నదంతా తుడిచేసి, గంటలో మళ్లీ నడిపించి, టీ తాగి వెళ్లిపోయేవారు. ప్రేమయ్య అలా కాదు. ఏ ఫైలు పోయిందో ఆ ఒక్క ఫైలే వెతికి తెచ్చి, పోయిన చోటే పెట్టేవాడు. అందుకు మూడు రోజులు పట్టినా సరే, చుట్టూ చేరి తిట్టినా సరే.

అతని సంచిలో బట్టల కంటే ఫ్లాపీలు ఎక్కువ. ఒకదాని మీద ‘నంద్యాల విత్తనాల కొట్టు’, ఇంకోదాని మీద ‘ప్రొద్దుటూరు పళ్ల డాక్టరు’. ఏ ఊళ్లో పని చేసినా అక్కడి మిషన్లో ప్రోగ్రాములు నడవడానికి కావలసిన డీఎల్ఎల్ ఫైళ్లన్నీ కాపీ చేసుకుని వచ్చేవాడు. పెళ్లికి వెళ్లినా పెళ్లికొడుకును పలకరించక ముందే, మంటపం ఆఫీసులో కంప్యూటరు ఉందా అని ఆరా తీసేవాడట.

రెండువేల అయిదులో ఉదయశ్రీ ఇతని పాలబడింది. బేతంచెర్లలో సుబ్బన్న నాపరాళ్ల పాలిష్ ఫ్యాక్టరీ ఆఫీసులో ఆమె చేరి అప్పటికి నెల. ఆఫీసు ఫోను తీగను కంప్యూటరుకు కలిపి ఉంచారు. ఏ నంబరు నుంచి ఎప్పుడు ఫోను వచ్చిందో అందులో వరసగా నమోదయ్యేది. గురువారం మధ్యాహ్నం కరెంటు పోయి వచ్చేసరికి ఆ జాబితా తెరుచుకోలేదు. కాల్ హిస్టరీ డీఎల్ఎల్ ఫైలు కనబడలేదని తెర మీద ఒక పెట్టె వచ్చి కూర్చుంది.

మర్నాడు ప్రేమయ్య వచ్చాడు. వస్తూనే గేటు దగ్గర పాలిష్ పనివాళ్లతో అరగంట టీ తాగి, తర్వాత తీరిగ్గా మిషను ముందు కూర్చున్నాడు.

“ఫార్మాట్ చేసెయ్యన్నా, పీడ పోతాది. పాత ఫోన్ల జాబితా ఎవరికి కావల్ల?” అంది ఉదయశ్రీ.

“జాబితా లోపల బద్రంగానే ఉండాదమ్మా. దాన్ని చూపించే ఫైలే లేదు. ఫార్మాట్ మాట నా ముందర ఎత్తొద్దు.”

సాయంత్రం దాకా నలభై ఫ్లాపీలు వేసి తీశాడు. ఒకదాంట్లో ఫైలు దొరికింది కానీ పనిచెయ్యలేదు. “పేరు అదే, వెర్షను వేరే. దీనికి వయసు చాల్లేదు,” అని దాన్ని పక్కన పెట్టాడు. లారీల చీటీలన్నీ చేత్తో రాసి రాసి ఉదయశ్రీ వేళ్లు వాచాయి.

సుబ్బన్న అగ్గిమీద గుగ్గిలమయ్యాడు. “ఏమప్పా, ఒక్క ఫైలుకు దినమంతా కావల్నా? తుడిచి పారెయ్యమంటే నీకేం నొప్పి?”

“నా పంతం సావుకారీ. తుడిచేది నా శాతగాదు.”

“నీకు పిచ్చి శానా ముదిరింది.”

“ముదరనీ సావుకారీ.”

శనివారం తెల్లవారగానే ప్రేమయ్యకు మహానందిలో ఒక లాడ్జి గుర్తొచ్చింది. వాళ్ల ఆఫీసులోనూ ఇదే ప్రోగ్రాం. బస్సెక్కి వెళ్లి మేనేజరు ముందు నిలబడ్డాడు.

“ఎంతమంది? ఏసీ కావల్నా, మామూలుదా?”

“రూము వద్దు సార్. ఒక ఫైలు కావల్ల.”

మేనేజరు తేలిగ్గా వదల్లేదు. ముందు తన ప్రింటరు బాగుచేయించుకుని, ఆ తర్వాతే కంప్యూటరు ముట్టనిచ్చాడు. ప్రేమయ్య బేతంచెర్ల చేరేసరికి మూడు దాటింది. ఫ్లాపీ వేసి ఫైలు ఎక్కించాడు. జాబితా తెరుచుకుంది.

“హమ్మయ్య. లేయన్నా, లారీలు నిలబడుండాయి,” అంది ఉదయశ్రీ.

ప్రేమయ్య లేవలేదు. జేబులోంచి బీడీకట్ట కాగితం తీశాడు. దాని మీద ‘గురువారం, పదకొండున్నర’ అని రాసి ఉంది. ఆ వేళకు జాబితాలో ఒకే నంబరు ఉంది.

“మారెన్నను పిల్చమ్మా.”

మారెన్న పాలిష్ మిషను దగ్గర పనిచేస్తాడు. ఒళ్లంతా రాతిపొడితో వచ్చి గడప అవతలే ఆగాడు. ఆ పొడితో లోపలికి రావద్దని పనివాళ్లందరికీ చెప్పింది ఉదయశ్రీయే.

“వీని పెండ్లాం కాన్పుకు ఆలూరు తట్టు పుట్టింటికి పోయింది. నొప్పులొస్తే ఎవరింటి నుంచైనా ఈ ఫోనుకు రెండు రింగులిచ్చి పెట్టేస్తామన్నారు. నీకంటే ముందున్న గుమాస్తా నంబరు చూసి చెప్తాండె. గురువారం రింగులు ఇన్న్యాడు, నిన్నడగను బయపడినాడు. ఏ ఆస్పత్రికి తీస్కపోయిండారో తెలీదు. ఆదోనికి పోవల్నా, కర్నూలుకు పోవల్నా?” అన్నాడు ప్రేమయ్య.

ఉదయశ్రీకి సిగ్గుతో తల వాలిపోయింది. “నాకైనా చెప్పొచ్చు కదన్నా.”

“చెప్తే సావుకారి చెవిన పడ్తాది. కూలోని ఫోనుకోసరం పని నిలిపినారా అని వీని మీద అరుస్తాడు. నా పంతమంటే నా మీదనే అరుస్తాడు. నాకు అలవాటే.”

ఆ సంచిలోని ఒక్కొక్క ఫ్లాపీ వెనక ఎవరెవరున్నారో అనుకుంటూ ఉదయశ్రీ మారెన్నను లోపలికి పిలిచి, నంబరు తనే నొక్కి, ఫోను అతని చేతికిచ్చింది. అవతల పక్కింటివాళ్లు మారెన్న అత్త గురమ్మను పిలుచుకొచ్చారు. ఆమె గొంతు గది మొత్తానికీ వినబడింది.

“ఆడపిల్ల పుట్టి రెండు దినాలాయ. తల్లీ బిడ్డా బాగుండారు, పొద్దున్నే ఇంటికొచ్చినారు. నువ్వు యాడ సచ్చినావు?”

మారెన్న ముఖం వెలిగిపోయింది, ఆ వెంటనే మాడిపోయింది. “కంప్యూటరు చెడిపోయిండ్య అత్తా.”

“అది గాని నిన్ను కట్టేసిండాదా?”

మారెన్న బెదిరిపోయి ఫోను ప్రేమయ్యకు అందించాడు. సుబ్బన్న ఎంత అరిచినా కుర్చీలోంచి కదలని ప్రేమయ్య లేచి నిలబడ్డాడు.

“అమ్మా, ఒక ఫైలు పోయిండ్య. శానా చిన్నది. అది లేకుంటే ఎవరు పిలిచినారో తెలీదు.”

“అంత చిన్నదాన్ని జాగర్తగా పెట్టుకోలేకపోయినారా? ఇంతమంది మొగోళ్లు ఏం చేస్తాండారప్పా ఆడ?”

“తప్పయిందమ్మా,” అని ఫోను మారెన్నకు ఇచ్చేసి, ప్రేమయ్య చెమట తుడుచుకున్నాడు. “మీ అత్త కంటే సావుకారే నయమప్పా.”