ఆమెకు మిగిలిన మాటలు

పంజాగుట్టలోని ఒక ఆసుపత్రిలో నేను స్పీచ్ థెరపిస్టుగా చేరిన రెండో ఏడు ఆమె నా దగ్గరికి వచ్చింది. ఎనభై అయిదేళ్ళ మనిషి. పక్షవాతంతో మాట పోయింది. నీళ్ళ గ్లాసు చూపించి ఇదేమిటని అడిగితే పెదాలు కదిపి, ఓడిపోయి, కళ్ళు మూసుకునేది.

వెంట వచ్చిన చెల్లెలు చెప్పింది.

"అక్క పాత సినిమాల్లో హీరోయినమ్మా. మద్రాసులో నాలుగు చేసింది. పెళ్ళయ్యాక వేషాలివ్వలేదు. బావ పోయాక మళ్ళీ వెళితే, ఒకప్పుడు తన సరసన చేసిన హీరోకే తల్లి వేషమిచ్చారు. తర్వాత కృష్ణానగర్‌లో గది తీసుకుని, పెళ్ళి సీన్లలో వెనక వరసలో కూర్చునేది."

హీరోయిన్‌గా చేసిన నాలుగు సినిమాల్లో ఒక్కటీ ఇప్పుడు దొరకదట. ప్రింట్లన్నీ పాడైపోయాయి.

మధురానగర్‌లోని వాళ్ళింటికి వారానికి మూడుసార్లు వెళ్ళేదాన్ని. ఒకరోజు చెల్లెలు మాటవరసకు అక్క సినిమాలోని ఒక పాత డైలాగు ఎత్తుకుంది: "పొలం మీది, పంట మీది..."

"నా కన్నీళ్ళు మాత్రం నావి, దొరగారూ!" అంది ఆమె, ఎక్కడా తడబడకుండా.

కంఠతా వచ్చిన మాటలు ఒక్కోసారి అలా మిగిలిపోతాయి. నేను దాన్నే పట్టుకున్నాను. ఆమె 'కన్నీళ్ళు' అనగానే గ్లాసు చూపించేదాన్ని. నాలుగు వారాలకు, గ్లాసు వైపు చెయ్యి చాపి, "నీళ్ళు" అంది. నాకు ఏడుపొచ్చింది.

పాత హీరోయిన్ మళ్ళీ మాట్లాడుతోందని విని, ఆ వారమే టీవీవాళ్ళు వస్తామన్నారు. "రమ్మనమంటావా అమ్మాయ్?" అని చెల్లెలు అడిగింది.

"రానియ్యండి పిన్నీ. నలుగురొస్తే పెద్దమ్మకు సుత జర హుషారొస్తది," అన్నాను. ఆ సాయంత్రం మా అమ్మకు ఫోన్ చేసి, నేను మాట తెప్పించిన మనిషి టీవీలో వస్తుందని గొప్పగా చెప్పుకున్నాను.

వాళ్ళు ఆమెతో ఆ డైలాగు మూడుసార్లు చెప్పించారు. చప్పట్లు కొట్టారు. తర్వాత యాంకరమ్మాయి అడిగింది: "ఇప్పుడు మీ ఆరోగ్యం ఎలా ఉంది మేడమ్?"

ఆమె నోరు తెరిచింది. "పొలం మీది, పంట మీది..."

కెమెరా పట్టుకున్నతను నవ్వాడు. ఆమె మళ్ళీ ప్రయత్నించింది. మళ్ళీ అదే వచ్చింది. చేత్తో తన నోరు తనే మూసుకుంది. నేను తలుపు దగ్గరే ఉన్నాను. ఆపమని అనలేదు.

టీవీలో డైలాగు మాత్రమే వేశారు. ఈ వయసులోనూ అదే గొంతని పొగిడారు.

ఆ తర్వాత ఆమె పెదవి విప్పలేదు. గ్లాసు చూపిస్తే గోడ వైపు తిరిగేది. నెల తిరిగేసరికి, "ఇంక రావద్దులేమ్మా, నిన్ను చూస్తే బెదురుతోంది," అంది చెల్లెలు.

చలికాలంలో ఆమె పోయిందని తెలిసి వెళ్ళాను. చెల్లెలు నాకు కుర్చీ వేసి, టీ పెట్టడానికి లోపలికి వెళ్ళింది. క్షమించమని అడగాలని వెళ్ళినదాన్ని, టీ తాగి వచ్చేశాను.