ఫ్లెక్సీ మీది గోల్డ్ మెడల్

దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక గ్రూప్స్ పరీక్షల కోచింగ్ సెంటర్ ఓనరు ముందు నిలబడి, మా కింది పోర్షన్‌లో కిరాయికుండే అబ్బాయి, "బయట మీ ఫ్లెక్సీ మీదున్న ఫొటో నాదే సార్. మీ స్టూడెంటునని మీరే రాసిండ్రు గద. మీ దగ్గర్నే పాలిటీ చెప్త, కొలువియ్యుండ్రి" అన్నాడు. నేను తోడు వెళ్లాను.

ఓనరు కోస్తా నుంచి వచ్చి స్థిరపడిన మర్యాదస్తుడు. మనిషిని గుర్తుపట్టి తెగ సంతోషపడ్డాడు.

"మన దగ్గర ఏ బ్యాచ్ అండీ మీది?"

"ఏ బ్యాచ్ గాదు సార్. జైల్ల చదివిన."

ఓనరు మొహం మీది నవ్వు వెనక్కి పోలేక అక్కడే ఉండిపోయింది.

అబ్బాయి వాళ్లది నల్లగొండ వైపు నుంచి వచ్చిన కుటుంబం. పదో తరగతి తప్పి ఎల్బీ నగర్‌లో ఆటో నడిపేవాడు. వరస తప్పి ప్యాసింజర్‌ను ఎక్కించుకున్నాడని ఆటో అడ్డాలో ఇంకో డ్రైవరు దవడ పగలగొట్టాడు. శిక్ష పడింది. నేను పేపర్లో కోర్టు వార్తలు రాసే రోజుల్లో, బోనులో నిలబడ్డవాళ్లను ఏం చదువుకున్నావని అడిగితే, జవాబు చాలావరకు ఆరుకీ పదికీ మధ్య ఆగిపోయేది. ఇతని చదువూ అక్కడే ఆగింది, కాకపోతే లోపలికెళ్లాక మళ్లీ కదిలింది. అర్హత పరీక్ష రాసి, దూరవిద్యలో బీఏ చదివి గోల్డ్ మెడల్ తెచ్చుకున్నాడు.

"ఇంట్ల ఉన్నన్ని రోజులు పుస్తకం ముట్టలే. గాడ ఫోనియ్యరు, గందుకే చదివిండు" అని వాళ్లమ్మ గేటు దగ్గర అందరికీ చెబుతుంది. పిల్లల్ని తిట్టే తల్లులు "ఆ అన్నను చూసి నేర్చుకో" అని మొదలుపెట్టి, ఆ అన్న ఎక్కడ చదివాడో గుర్తొచ్చి మాట మార్చేవారు.

మెడల్ అందుకుంటున్న ఫొటో పేపర్లో పడింది. చోటు చాలకపోతే ఫొటో కింది చివరి వాక్యం కోసేయడం డెస్కులో మామూలే. జైలు సంగతి ఉన్నది ఆ వాక్యంలోనే. గౌను, మెడల్, పేరు మిగిలాయి. మా వైపు సెంటర్లకు అంతకన్నా ఏం కావాలి? ర్యాంకు ఎవరికొచ్చినా తమ దగ్గరే చదివారని ఫ్లెక్సీ కట్టడం ఇక్కడి ఆనవాయితీ. ఒకే అమ్మాయి ఏకకాలంలో మూడు సెంటర్ల మీద నవ్వుతుంటుంది. ఎవరూ వచ్చి అడగరు. ఇతను మాత్రం విడుదలై వచ్చి, మెట్రో పిల్లరు పక్కన తన మొహం చూసుకుని, నేరుగా మెట్లెక్కాడు. శిక్ష పడ్డవాడికి సర్కారు కొలువు మీద ఆశ లేదు. మళ్లీ ఆటో ఎక్కుతానంటే తల్లి అన్నం మానేస్తుంది. ఇక ఉన్నది ఇదొక్కటే దారి.

ఓనరు చివరికి, "ఒక డెమో క్లాసు చెప్పండి, చూద్దాం" అన్నాడు.

పాఠం, అరెస్టయినవాడి హక్కులు. నేను వెనక బెంచీలో కూర్చున్నాను.

"ఇరవై నాలుగ్గంటల్ల మేజిస్ట్రేటు ముంగట పెట్టాలె. పుస్తకంల గంతే ఉంటది. చెప్పులు బయట ఇడవమంటరు. వాపసొచ్చేసరికి అవి ఉండయ్."

క్లాసంతా నవ్వింది.

"వకీలు లేడని జడ్జికి మీరే చెప్పాలె. ఆయన అడిగేదాంక ఆగితే అయిపాయె."

నవ్వుతూనే రాసుకున్నారు. ముందు వరసలో ఒకమ్మాయి, "ఇంత ప్రాక్టికల్‌గా మీకెట్ల తెలుసు సార్?" అంది. గుమ్మంలో ఓనరు దగ్గాడు.

"ఫీల్డ్ వర్క్ చేసిన" అన్నాడు అబ్బాయి.

పాలిటీకి ఆ సారే కావాలని పిల్లలు వెళ్లి అడిగారు. ఓనరు నాకు ఫోన్ చేశాడు.

"పాఠం బాగా చెప్పాడండీ, కాదనను. పేరెంట్స్ అడిగితే ఎక్కడ చదివాడని చెప్పమంటారు?"

"ఫ్లెక్సీ మీద రాసిందే చెప్పండి."

"అయ్యో, అబద్ధం ఎలా చెప్తామండీ" అన్నాడు, నిజంగానే నొచ్చుకుంటూ.

కొత్త బ్యాచ్ మొదలై నెల కావస్తోంది. టైంటేబుల్ బోర్డు మీద పాలిటీకి ఎదురుగా ఎవరి పేరూ ఇంకా రాయలేదు.