తొమ్మిది కాదు, ఎనిమిది

ఎమ్మిగనూరు టీచరమ్మ మొన్న సోమవారం ఉదయం ఆరు గంటలకు తన ఇంట్లో చనిపోయి కనిపించారు. పక్కింటి నేతగాడి భార్య పాలు ఇవ్వడానికి వెళ్లి చూసింది. ఇంట్లో ఇంకెవరూ లేరు. ఆమె ఒక్కరే ఉండేవారు.

ఆమె సిపాయి. ఈ మాట నేను ఐదేళ్ల కిందటే రాసి ఉండాల్సింది.

ఆ ఏడు ఆదోనిలో మాజీ సైనికుల సమావేశానికి విలేకరిగా వెళ్లాను. మగవాళ్లు బెంచీల మీద, ఆడవాళ్లు చాప మీద కూర్చున్నారు. చాప మీదివాళ్లను లెక్కపెట్టి, ‘తొమ్మిదిమంది సైనికుల వితంతువులు హాజరయ్యారు’ అని రాశాను. పత్రిక వచ్చిన రెండో రోజు ఆమె ఎమ్మిగనూరు బస్సు దిగి నేరుగా నా దగ్గరికి వచ్చారు.

“ఈ లెక్క రాసింది నువ్వేనాప్పా?”

“నేనేనమ్మా.”

“తొమ్మిది కాదు, ఎనిమిది. తొమ్మిదోదాన్ని నేను. నాకు పెండ్లే కాలేదు, ఇంక మొగుడు యాడ సచ్చినాడు?”

“మరి చాప మీద ఎందుకు కూర్చున్నారు?”

“కూర్సోబెట్టినారు. బెంచీలు మగోళ్లకంట.”

సంచీలోంచి కాగితాలు తీసి చూపించారు. రెండో ప్రపంచ యుద్ధకాలంలో సైన్యం మహిళా దళంలో చేరి, బెంగుళూరులో సైన్యం టెలిఫోన్ ఎక్స్ఛేంజీలో మూడేళ్లు పనిచేశారు. యుద్ధం ముగిశాక ఆ దళాన్నే రద్దు చేశారు. తోటివాళ్లు తలా ఒక ఊరికి పోయారు. కొన్నాళ్లకు ఉత్తరాలూ ఆగిపోయాయి. “ఆ సంగతులు మాట్లాడుకునేదానికి ఈడ ఒక్కరూ లేరప్పా” అన్నారు.

సమావేశంలో మొదట హాజరు పిలుస్తారు. ఆమెకు కావలసింది తన పేరు అందులో వినపడటం. మరుసటి ఏడు సంఘం కార్యదర్శిని నా ముందే అడిగారు. ఆయన పాత హవల్దారు.

“టెలిఫోనేమన్నా తుపాకీనా అమ్మా?” అన్నాడాయన. బెంచీలు నవ్వాయి.

“నీ తుపాకీ ఎటు కాల్సాల్నో సెప్పింది ఆ టెలిఫోనే కదన్నా” అన్నారామె, వెళ్లి చాప మీద కూర్చుంటూ.

ఏటా సమావేశం రోజు, దళంలో ఇచ్చిన ఖాకీ చీర కట్టుకుని మొదటి బస్సుకు వచ్చేవారు. చీర వెలిసిపోయింది. నేతగాళ్లు కొత్తది నేసిస్తామంటే, “ఇది వాళ్లిచ్చింది. మీరు నేసింది కట్టుకుంటే ఉత్త చీరే అవుతాది” అన్నారట.

ఒకసారి ఆమె బడికి వెళ్లాను. వీధి పొడుగునా మగ్గాల చప్పుడు. హాజరు పట్టీలో ఒక్కో పేరు పిలిచి, “ఉండా టీచరమ్మా” అని వినపడేదాకా ఆగేవారు. జవాబు రాకపోతే రెండోసారి పిలిచేవారు. ఎందుకని అడిగాను. “ఎక్స్ఛేంజీలో నేర్సుకున్నా. పిలిసి ఊరుకోగూడదు. అవతల మనిసి ఉండాడో లేడో ఇనాల.”

నేను సవరణ రాసి ఇచ్చాను. చోటు లేదని ఒకసారి ఆగింది. రెండోసారి నేనే ఇవ్వలేదు. ఆమె మళ్లీ అడగలేదు. పాఠకులు ఇప్పుడైనా దిద్దుకోవాలి: ఆ రోజు చాప మీద ఉన్న వితంతువులు ఎనిమిదిమంది. తొమ్మిదో మనిషి మాజీ సైనికురాలు.

మంగళవారం ఖాకీ చీరతోనే సమాధి చేశారు. బడిపిల్లలు వచ్చారు. కార్యదర్శి ఆదోని నుంచి వచ్చి, ఒక పక్కన నిలబడి, మట్టి వేసేటప్పుడు సెల్యూట్ చేశాడు. తర్వాత నాతో, “పట్టీలో రాసినానప్పా. ఈసారి పిలుస్తా” అన్నాడు.

ఈ ఏటి సమావేశం ఆదివారం ఉదయం పది గంటలకు. ఆమె పేరు పట్టీలో చివరిది. రెండుసార్లు పిలవమని అడిగాను. సరేనన్నాడు.