పద్నాలుగో నిబంధన వెంట న్యూకాసిల్‌కు

సోమవారం, 18 సెప్టెంబరు 1995. ఉదయం ఐదుంబావుకు, దక్షిణాఫ్రికాలో డర్బన్‌కు ఉత్తరాన ఉన్న షాకాస్‌క్రాల్‌లోని మా వర్క్‌షాపు గేటు ముందు టాక్సీ ఎక్కాము. వెళ్ళినది ఇద్దరం: నేనూ, మా భాగస్వామి డానీ నాయుడి తల్లి అప్పలమ్మగారూ. ఆమెకు డెబ్బై ఒకటో ఏడు. ఊరంతా అవ్వ అనే పిలుస్తారు.

ప్రయాణ కారణం ముందుగా చెప్పాలి. విశాఖ జిల్లాలో ఒక చక్కెర మిల్లులో ఇరవై రెండేళ్ళు ఇంజనీరుగా పనిచేసి, నిరుడు ఇక్కడికి వచ్చి, చెరకు మిల్లుల యంత్రాలు బాగుచేసే పని డానీతో కలిసి మొదలుపెట్టాను. ఈ ఫిబ్రవరిలో న్యూకాసిల్‌లోని ఒక ఫౌండ్రీకి గేర్ల పోత పని ఇస్తూ ఒప్పందం రాసుకున్నాము. వచ్చిన గేర్లలో మూడు బీటలు వారి ఉన్నాయి. తీసుకోము అన్నాము. వారు తమ ఊరి కోర్టులో మా మీద దావా వేశారు.

ఒప్పందంలోని పద్నాలుగో నిబంధన ప్రకారం ఏ తగవైనా డర్బన్ కోర్టులోనే తేలాలి. అది నేను పట్టుబట్టి రాయించినది. బీటల గేర్లు మా షెడ్డులోనే ఉన్నాయి. వాటిని చూసిన ఐదుగురు ఫిట్టర్లూ మా దగ్గరే ఉన్నారు. చెరకు ఆడే క్రషింగ్ సీజన్ నడుమ ప్రతి వాయిదాకూ వారిని మూడు వందల యాభై కిలోమీటర్లు తీసుకుపోతే వర్క్‌షాపుకు తాళం వేయవలసిందే.

చిక్కు ఆ నిబంధన ఉన్న ఆరో పుటతో వచ్చింది. ప్రతి పుట అడుగున ఇరు పక్షాలవారూ పొడి అక్షరాలు వేయడం ఇక్కడి పద్ధతి. ఆరో పుటలో తమ మేనేజరు అక్షరాలు లేవనీ, ఆ పుటను మేము తరువాత చొప్పించామనీ ఫౌండ్రీ వాదన. అక్షరాలు ఉన్నాయి, కానీ కనబడవు. సంతకాలైన రోజున అవ్వ తడి పసుపులో వేలు ముంచి ప్రతి పుట మూలనా బొట్టు పెట్టింది. ఆరో పుటలో బొట్టు సరిగ్గా అక్షరాల మీద పడి సిరా అలుక్కుపోయింది. వద్దని ఎంత చెప్పినా వినలేదు. మేనేజరు నవ్వి ఊరుకున్నాడు. తిట్టుకున్నది నేనొక్కడినే.

డానీ షెడ్డు విడిచి రాలేడు. "ఎట్టింది నాను. సెప్పేదీ నానే" అని అవ్వ సంచి సర్దుకుంది.

డర్బన్‌లో ఏడూ పదికి బస్సు కదిలింది. టిక్కెట్లు ముందే తీసుకోవడం మంచిది. మాకు దొరికినవి చివరి రెండు. పీటర్‌మారిట్జ్‌బర్గ్ దాటాక చలి పెరిగింది. కొండవాలున గడ్డి కాల్చిన నల్లని చారలు. పక్క సీటులోని నర్సు అవ్వతో జూలూలో మాటలు కలిపి, నావైపు తిరిగి ఇంగ్లీషులో అడిగింది: "మీ గోగో, అదే మీ అవ్వ, కోర్టుకు పోతోందట. ఎవరిని కొట్టింది?"

"ఇంకా కొట్టలేదని సెప్పు బాబూ" అంది అవ్వ.

లేడీస్మిత్‌లో పదకొండింటికి టీ. అవ్వ తెచ్చిన పులిహోరలో నర్సు కూడా పాలు పంచుకుంది. న్యూకాసిల్ చేరేసరికి పన్నెండూ యాభై. బస కోర్టుకు పది నిమిషాల నడక దూరంలో, ఒక తమిళ కుటుంబం నడిపే బోర్డింగు ఇంట్లో. శుభ్రంగా ఉంది, వేడినీళ్ళు ఉదయం మాత్రమే.

మంగళవారం తొమ్మిదికి కోర్టు ముందు మా న్యాయవాది శ్రీమతి పిళ్ళై కలిశారు. అవ్వ పెద్ద తలుపు దగ్గర ఆగి, "మా ఆయన రోజుల్లో, తెల్లోళ్ళ రాజ్యంలో, మనోళ్ళకి వేరే తలుపు" అని ఒక్క క్షణం చూసి లోపలికి నడిచింది.

పదీ ఇరవైకి మా కేసు పిలిచారు. మేజిస్ట్రేటు నల్లజాతి పెద్దమనిషి, మాట నెమ్మది. మా ప్రతిలోని ఆరో పుటను వెలుతురుకు పట్టి, "ఈ పసుపు మరక ఏమిటి?" అని అడిగారు. శ్రీమతి పిళ్ళై నోరు తెరిచేలోపే వెనక బెంచీ మీది నుంచి అవ్వ లేచింది.

"ప్రేయర్, సర్. న్యూ పేపర్‌కి ఎట్టకుండా ఎలాగ?"

"కూర్చోండి అవ్వా" అని నేను చీర చెంగు లాగాను. మేజిస్ట్రేటు చేయెత్తి నన్ను వారించారు. "రెండు ప్రతులకూ పెట్టారా, అమ్మా?" అవ్వకు ఇంగ్లీషు చాలలేదు. నావైపు తిరిగి, "ఒకదానికి ఎట్టి ఒకదానికి మానేత్తామేటి? ఆయనకి సెప్పు" అని గదమాయించింది. చెప్పాను.

ఆయన ఫౌండ్రీ న్యాయవాదిని వారి అసలు ప్రతి అడిగారు. అది ఆఫీసు బీరువాలో ఉందట. తెప్పించమని పదకొండూ ముప్పావు దాకా విరామం ఇచ్చారు. ఆ గంటలో ఆ పుట వారి ప్రతిలో లేకపోతే ఏమిటన్న ఒక్క ఆలోచనతో వరండాలో నలభై సార్లు తిరిగి ఉంటాను.

ప్రతి వచ్చింది. ఫౌండ్రీ న్యాయవాది ఆరో పుట తిప్పి, చాలాసేపు చూసి, లేచారు. "పుట ఉంది. పసుపూ ఉంది. ఇక్కడ బొట్టు పక్కకు పడింది. మా మేనేజరు అక్షరాలు స్పష్టంగా ఉన్నాయి. ఆ అభ్యంతరం వదులుకుంటున్నాము." తన క్లయింటు కాగితాన్ని తెరిచి చూడలేదని ఆయన ముఖమే చెప్పింది.

అయినా ఫౌండ్రీ ఈ ఊళ్ళోనే ఉంది కనుక విచారణ ఇక్కడే సౌకర్యమని ఇంకో మాట అన్నారు. మేజిస్ట్రేటు తల అడ్డంగా ఊపారు. "ఇద్దరూ వ్యాపారస్థులు. డర్బన్ ఎంత దూరమో సంతకం పెట్టేనాడూ తెలుసు. మాట మార్చుకోవడానికి ఇంకేదైనా కారణం ఉందా?" లేదన్నారు. దావా ఇక్కడ నడవదనీ, కావాలంటే డర్బన్‌లో వేసుకోవచ్చుననీ, నేటి ఖర్చులు ఫౌండ్రీవేననీ ఉత్తర్వు. సమయం పన్నెండూ ముప్పై అయిదు.

బయటికి వచ్చి కోర్టు మెట్ల మీద కూర్చున్నాను. అవ్వ పక్కనే కూలబడి, "మరి డర్బన్‌లో ఓడిపోతేనో?" అంది.

"ఓడితే ఇంటి దగ్గరే ఓడతాము, అవ్వా. వాయిదా అయిన సాయంత్రానికే షెడ్డులో ఉంటాము."

రెండూ పావుకు తిరుగు బస్సు. మూయి రివర్ దగ్గర సూర్యుడు కొండల వెనక్కు దిగేటప్పటికి అవ్వ నా భుజం మీద నిద్రపోయింది. ఈ దారిన వచ్చేవారికి చెప్పగలిగినది ఇదే: ఏ ఊళ్ళో పోట్లాడుకోవాలో స్నేహంగా ఉన్ననాడే రాసుకోండి; రాసుకున్న కాగితం అసలుదే వెంట తీసుకెళ్ళండి. దావా పడిన నాలుగు నెలలకు, ఆ బస్సులో నా వీపు మొదటిసారి సీటుకు పూర్తిగా ఆనింది.

పోయినవి: రెండు పనిదినాలు, లేడీస్మిత్‌లో మరచిన కళ్ళద్దాల పెట్టె, ఆ ఫౌండ్రీతో స్నేహం. నిలిచినవి: పద్నాలుగో నిబంధన, అయిదుగురి సీజను పని, వర్క్‌షాపు. తేలవలసినవి: మూడు గేర్లు.