కొబ్బరి పీచులో దొరికిన పేరు

మా అక్క ఇంటి వెనకే పంట కాలువ. రేవులో అడుగు మెట్టుకి పచ్చటి పొర ఒకటి పట్టి ఉండేది. అక్క లెక్కలో అది పాచి. నా లెక్కలో మంచినీటి స్పాంజి, అంటే సాక్షాత్తూ జంతువు. ఒళ్ళంతా కంతలే గాని నోరు లేదు. ఆ కంతల్లోంచే నీళ్ళు లాగి, వడగట్టుకుని తింటుంది, ఎవర్నీ పల్లెత్తు మాట అనదు. మా స్టాఫ్ రూములో అంత మంచి జీవిని నేను చూడలేదు.

మెట్టు మీంచి ఓ ముక్క గీకి, మా కాలేజీ జువాలజీ మ్యూజియం సీసాలో వేసి, 'స్పాంజిల్లా' అని లేబులు రాసింది నేనే. పచ్చగా ఉంటే స్పాంజిల్లాయే అనుకుని రాసేశాను. ఆ పచ్చదనం దాని సొంతం కాదు, ఒంట్లో కాపురం పెట్టిన నాచుది. నీళ్ళు తగ్గేటప్పుడు స్పాంజి గసగసాలంత గుళికల్లో ప్రాణం దాచుకుని మిగతా ఒళ్ళు వదిలేస్తుంది. ఆ గుళికల చుట్టూ సన్నటి గాజు సూదులుంటాయి. వాటి ఆకారం చూస్తేనే దాని ఇంటిపేరు, అంటే ప్రజాతి, తేలుతుంది. ముప్పై ఏళ్ళూ ఇది పాఠంగా చెప్పాను గాని ఒక్కసారీ చూడలేదు.

కిందటేడు మే ఆఖరుకి నా రిటైర్మెంటు. తప్పు లేబులు వదిలి వెళ్ళడానికి మనసొప్పలేదు. సీసాలో ముక్కకి గుళికలు లేవు గనక, ఏప్రిల్లో కాలువలకి నీళ్ళు కట్టేశాక తెచ్చుకోవాలనుకున్నాను. జూన్ వస్తే తీరికంతా నాదే గాని మైక్రోస్కోపు కాలేజీది.

తీరా పరీక్షల డ్యూటీ ముగించుకుని వెళ్ళేసరికి, మెట్టు అద్దంలా మెరుస్తోంది.

"అక్కా, ఇక్కడి పచ్చపొర ఏదే?"

"తోమేశాన్రా. నిరుడు దాని మీదే కదా జారి పడ్డాను! చేతులు ఒకటే దురద, మాయదారి పాచి."

"ఆ దురద గాజు సూదులది. అది పాచి కాదే, జంతువు. దాని అసలు పేరేంటో తేల్చాలి."

"ముప్పై ఏళ్ళు పేరు తెలీకుండానే పాఠం చెప్పావా? జీతం ఎలా తీసుకున్నావురా?"

మెట్టు మీద కూలబడ్డాను. నా మొహం చూసి అక్క లోపలికెళ్ళి మజ్జిగ తెచ్చింది.

"ముందే చెప్పి చావొచ్చుగా. నా నడుమైనా మిగిలేది."

"దేంతో తోమావు?"

"కొబ్బరి పీచుతో. నీ టూత్‌బ్రష్‌తో అనుకున్నావా?"

పీచు ఇంకా కుళాయి గట్టు మీదే ఎండుతోంది. ఎండలోకి తిప్పి చూశాను. పోగుల మధ్య గోధుమరంగు గసగసాలు!

"కొత్త పీచు తెచ్చిచ్చి మరీ పట్టుకెళ్ళు," అంది అక్క, దాన్ని టిఫిన్ డబ్బాలో పెట్టిస్తూ.

మర్నాడు ల్యాబులో గుళికల్ని యాసిడ్‌లో వేడిచేశాను. మిగిలిన సూదుల్ని మైక్రోస్కోపు కింద పెడితే, ఒక్కోటీ ఇరుసుకి రెండు కొసలా పళ్ళ చక్రాలు బిగించినట్టుంది. అంటే స్పాంజిల్లా కాదు, ఎఫిడేషియా. పాపం, ఇన్నేళ్ళూ వేరే ఇంటిపేరుతో పిలిచినా ఊరుకుంది.

కొత్త లేబులు రాశాను. 'సేకరించినవారు' అన్న చోట అక్క పేరు. 'సేకరించిన విధానం' దగ్గర కాసేపు ఆలోచించి, ఉన్నదున్నట్టు 'మెట్లు తోమడం' అని రాశాను.