రాజుకు ఒక్క దూకు

నాగేశ్వరికి చదరంగం నేర్పింది తెనాలిలో బడిపంతులుగా పనిచేసిన తండ్రి. పెళ్ళయి కొత్తగూడ వచ్చేనాటికి ఆమె ట్రంకుపెట్టెలో చీరల అడుగున ఒక చెక్క బోర్డు ఉంది. దాన్ని బయటికి తీసే రోజు వస్తుందని ఆమె అనుకోలేదు. భర్త చలపతిరావు పటాన్‌చెరు దారిలోని ఒక ఫ్యాక్టరీలో గుమాస్తా. క్వార్టర్సు దొరికేదాకా ఇక్కడుందామని ఊళ్ళో ఒక గది కిరాయికి తీసుకున్నాడు. పొద్దున్నే సైకిలెక్కి వెళ్తే మళ్ళీ పొద్దుగూకాకే రాక. చుట్టూ బండరాళ్ళు, జొన్నచేలు, సీతాఫలం పొదలు. ఎవరితోనైనా మాట్లాడదామంటే ఆమె మాట వాళ్ళకు నవ్వు, వాళ్ళ మాట ఆమెకు సగమే అర్థం.

ఆ ఇల్లు సత్తెమ్మది. అరవై దాటిన మనిషి. భర్త రాజయ్య బతికున్న రోజుల్లో పట్నంలో ఒక నవాబుగారి దేవిడీలో, ఆ పెద్ద బంగళాలో, కాపలా కాసేవాడు. అక్కడివాళ్ళు ఆడుతుంటే చూసి చదరంగం నేర్చుకున్నాడు. ఇంటికొస్తే జోడీ దొరక్క పెళ్ళానికి నేర్పాడు. ఆయన పోయాక ఆ ఆట గళ్ళగుడ్డ చుట్ట చుట్టుకుని దూలం మీద ఉండిపోయింది. ఒక మధ్యాహ్నం కిరాయి గదిలో చెక్క బోర్డు కనబడేసరికి సత్తెమ్మ గడపలోనే చతికిలబడింది.

"నీకొస్తదా బిడ్డా ఈ ఆట?"

"ఏదో కొంచెం వచ్చండీ."

"కొంచెం వచ్చినోళ్లే మస్తు సతాయిస్తరు. పెట్టు."

నాగేశ్వరి ముందుగా బంటును రెండు గళ్ళు జరిపింది. సత్తెమ్మ ముక్కున వేలేసుకుంది. "అగో! బంటు ఒక్కొక్క అడుగేస్తది గాని గిట్ల ఉరుకుతదా? దానికేమన్న బస్సు దొరికిందా?"

కాసేపటికి సత్తెమ్మ తన రాజును తీసి, గుర్రం దూకినట్టు దూకించి, ఓ మూలన భద్రంగా పెట్టింది. ఈసారి నోరు తెరవడం నాగేశ్వరి వంతయింది.

"పెద్దమ్మగారూ, రాజు గుర్రంలా దూకడమేంటండీ?"

"ఒక్కపారి దూకుతడు. ఎదుటోళ్లు షా అని రాజును బెదిరియ్యకముందు. నవాబు దేవిడీల గట్లనే ఆడేటోళ్లు."

"మా పుస్తకంలో అలా లేదండీ."

"మీ పుస్తకం రాసినోడు దేవిడీ మొఖం చూసిండా?"

ఇల్లు ఆమెది, వయసు ఆమెది. నాగేశ్వరి పుస్తకాన్ని పక్కన పెట్టింది. ఆ రోజునుంచి ఇద్దరూ దేవిడీ పద్ధతిలోనే ఆడారు. మొదట్లో నాగేశ్వరి వరసగా ఓడింది. ఏడాది తిరిగేసరికి నాలుగింట ఒకటి గెలిచేది.

డెబ్భై రెండు వానాకాలంలో ఐస్‌లాండ్‌లో ఫిషర్, స్పాస్కీ ప్రపంచ పోటీ జరిగింది. పట్నం నుంచి ఆలస్యంగా వచ్చే పేపరు చదివి నాగేశ్వరి ఆ వార్తలు సత్తెమ్మకు కథలా చెప్పేది. ఫిషర్ రెండో ఆటకు రానేలేదంటే సత్తెమ్మ పకపకా నవ్వింది. "పెండ్లిల అలిగే మా ఆడిబిడ్డ లెక్కనే ఉన్నడు గదనే!" చివరికి అతనే గెలిచాడని విని, "అలిగినోళ్లదే రాజ్యం" అని తీర్పు చెప్పింది. డెబ్భై ఏడులో జార్జియాకు చెందిన నోనా గాప్రిందష్విలీ అమెరికాలో మగ గ్రాండ్‌మాస్టర్లతో తలపడి మొదటి స్థానం పంచుకుందన్న వార్త వచ్చినప్పుడు మాత్రం సత్తెమ్మ నవ్వలేదు. మళ్ళీ చదవమంది. ఆ పేరు నోరు తిరగక "నోనమ్మ" అని పెట్టుకుంది.

ఆ ఏడే పట్నంలో ఒక క్లబ్బు ఆడవాళ్ళకు పోటీ పెట్టింది. మొదటి ఇద్దరినీ రాష్ట్రం తరఫున ఆడటానికి పంపుతారు. నాగేశ్వరి పేరిచ్చింది. ఆ రాత్రి భోజనాల దగ్గర చలపతిరావు అన్నాడు.

"ఓ నెల ఆవిడతో ఆడకు. చెయ్యి ఆ పద్ధతికి అలవాటు పడిపోయింది. నువ్వే చెప్పావుగా, ఆ పాతకాలపు ఆటగాడు సుల్తాన్ ఖాన్ మన నాటు పద్ధతిలో నేర్చుకున్నవాడే. ఇంగ్లండు రూళ్ళు దిద్దుకున్నాకే కదా మూడుసార్లు అక్కడ ఛాంపియన్ అయ్యాడు?"

"మధ్యాహ్నమయ్యేసరికి చాప వేసుకుని కూర్చుంటారండీ ఆవిడ. ఏం చెప్పి మానెయ్యను?"

"నీ ఇష్టం. తరవాత నన్ననకు."

మానలేదు. పోటీలో బాగానే ఆడింది. ఆఖరి ఆట డ్రా అయినా రెండో స్థానం దక్కుతుంది. అవతలి అమ్మాయి తొందరపడుతోంది, ఆట నాగేశ్వరి వైపే మొగ్గుతోంది. అప్పుడు ఆమె చెయ్యి రాజును పట్టుకుని, మధ్యాహ్నాల అలవాటులో, గుర్రంలా దూకించి ఓరగా పెట్టేసింది. అవతలి అమ్మాయి బిత్తరపోయి చెయ్యెత్తింది. పోటీ నడిపే పెద్దమనిషి వచ్చి రాజును వెనక్కి పెట్టాడు. ముట్టుకున్న రాజునే కదపాలి, అది రూలు. పక్కన ఒంటె ఇంకా గడి వదల్లేదు కాబట్టి, పుస్తకం పద్ధతిలో రాజు ఏనుగు చాటుకు చేరే దారి లేదు. రాజును నడివీధిలాంటి ఖాళీ గళ్ళలోకి నడపాల్సొచ్చింది. ఆ తర్వాత ఆట ఎలా పోయిందో ఆమెకు సరిగా గుర్తులేదు. దాంతో రెండో స్థానమూ పోయింది.

సత్తెమ్మతో "గెలవలేదండీ" అని ఊరుకుంది. మర్నాడు చలపతిరావు చేదబావి దగ్గర నోరు జారి, రాజు దూకిన సంగతి ఆమెకు చెప్పేశాడు. ఆ మధ్యాహ్నం అరుగు మీద చాప పడలేదు. ఆ మర్నాడూ లేదు. గళ్ళగుడ్డ మళ్ళీ దూలమెక్కింది. నాగేశ్వరి ఇంట్లోకి వెళ్ళి చూస్తే సత్తెమ్మ గోడవైపు తిరిగి పడుకుని ఉంది.

"ఒంట్లో బాగాలేదా పెద్దమ్మగారూ?"

"నా ఆట నిన్ను ముంచింది బిడ్డా. ఇగ నీతోని ఆడను."

"మునిగింది నా చెయ్యి. మీరు గడపలో కూర్చోకపోతే నా బోర్డును ఈపాటికి చెదలు తినేసేవండీ. పోటీ మాటే ఉండేది కాదు. ఇప్పుడు మీరూ మానేస్తే నేనెవరితో ఆడాలి? ఆయనకు గుర్రానికీ ఒంటెకూ తేడా తెలీదు."

సత్తెమ్మ గోడవైపు నుంచి ఇటు తిరిగింది. తర్వాత లేచి కొంగు సవరించుకుంది.

"మీ పుస్తకం తే. అండ్ల ఏమున్నదో చెప్పు."

"ఇప్పుడెందుకండీ?"

"వచ్చే ఏడు మళ్ల పోతవా, పోవా?"

అలా మొదలైంది. డెబ్భైకి దగ్గరపడిన మనిషికి కొత్త రూళ్ళు ఒంటబట్టడం తేలిక కాదు. బంటు రెండు గళ్ళు వెళ్ళొచ్చని మరిచిపోయేది. రాజు ఏనుగు పక్కకు చేరడాన్ని చూసి "వీడు మొగోడేనా, గోడచాటుకు పోయి దాక్కుంటడు?" అని విసుక్కునేది. రాజు మీద చెయ్యి వేసి, దూకబోయి, నాలుక కరుచుకునేది. నవాబు పద్ధతిలో నాలుగింట మూడు గెలిచే ఆవిడ, ఈ పద్ధతిలో రోజూ ఓడేది.

ఒకరోజు నాగేశ్వరికి మనసొప్పక తన వజీరును, అంటే మంత్రిని, ఆమె ఒంటె దారిలో వదిలేసింది. సత్తెమ్మ దాన్ని తినలేదు. వజీరును తీసి వెనక్కి, అదివరకున్న గడిలో పెట్టింది.

"జాలితోని ఓడేదుంటే పట్నమెందుకు పోవుడు? ఆ నోనమ్మ గిట్లనే గెలిచిందా? మంచిగ కొట్టు నన్ను."

నాగేశ్వరి బోర్డు వైపు వంగింది. ఈసారి ఎక్కడా వదలలేదు. పొద్దు వాలకముందే అవతలి రాజుకు దారులన్నీ మూసేసింది. సత్తెమ్మ అటూ ఇటూ వెతికి, దారి లేదని తేల్చుకుని, రాజును పడుకోబెట్టింది. ఆమె ముఖంలో ఓడిన బాధ వెతికినా కనిపించలేదు.

"గిప్పుడు ఆడినవ్," అంటూ కాయలన్నీ పోగేసి, మళ్ళీ పేర్చడం మొదలుపెట్టింది.